పేరులో రెండో సగం

జనవరి 31, 1988. ఆదివారం

అమ్మ నా పెళ్ళి శుభలేఖలు పొయ్యిలో పెట్టేసింది.

ఇంకోసారి రాసుకుంటాను, నాకే నమ్మకం కుదరడం లేదు. అమ్మ నా పెళ్ళి శుభలేఖలను, కట్టకి కట్ట, బొగ్గుల పొయ్యిలో పెట్టేసింది.

పొద్దున్న విజయనగరం నుంచి పార్సెల్ వచ్చింది. ఈ బిలాస్‌పూర్‌లో తెలుగు అచ్చు సరిగ్గా వేసేవాళ్ళు లేరని కాబోయే మామగారు సన్యాసిరావు గారే అక్కడ వేయించి పంపారు. నాన్న రైల్వే షెడ్ డ్యూటీ నుంచి వచ్చి, స్నానమైనా చేయకుండా వరండాలో కూర్చుని కట్ట విప్పాడు. కళ్ళజోడు పెట్టుకుని పైకి చదివాడు. పెళ్ళికూతురు దగ్గర 'చి॥ల॥సౌ॥ లక్ష్మి' అని ఉంది.

ఇందులో ఎవరి మోసమూ లేదు. బిలాసలక్ష్మి ఏం పేరండీ, మా వైపు ఎప్పుడూ వినలేదు, లక్ష్మి చాలు కదా అని మామగారు పోయిన నెలే అడిగారు. నాన్న సరేనన్నాడు. నేనైతే లోలోపల పండగ చేసుకున్నాను. స్కూల్లో ఉన్నన్నాళ్ళూ 'బిలాస్‌పూర్ పాసింజర్ లేట్ ఆయీ' అనిపించుకున్నదాన్ని. పెళ్ళితో ఇంటిపేరుతో పాటు ఆ బోగీ కూడా ఊడిపోతుందని సంతోషించాను.

అమ్మ బఠాణీలు ఒలుస్తోంది. తల ఎత్తకుండా, "బిలాస ఏదీ?" అంది.

"తీసేసినారు. ఆలకి నచ్చనేదు" అన్నాడు నాన్న.

అమ్మ లేచింది. ఒళ్ళో బఠాణీలన్నీ వరండా అంతా దొర్లిపోయాయి. నాన్న చేతిలోంచి కట్ట లాక్కుని వంటింట్లోకి వెళ్ళింది. ఏదో పసుపు పెట్టడానికేమో అనుకున్నాం. పొగ వచ్చాక పరిగెత్తాం.

"ఆ పేరు తీసేస్తే గుంట దక్కదు" అంది అమ్మ. అంతే అంది. నాన్న ముఖం చూస్తే ఆయనకి ఏదో తెలుసనిపించింది. తెలిసి కూడా మామగారి మాటకి తలాడించి, ఇప్పుడు భయపడుతున్న ముఖం.

నాకు వింతగా అనిపించింది. శుభలేఖలు కాలిపోయినందుకు కాదు. నా కోసం అమ్మ కూర్చున్నచోటు నుంచి లేవడం నేను ఎన్నడూ చూడలేదు. నన్ను పేరు పెట్టి పిలవదు. "పిల్లా" అంటుంది. కొత్తవాళ్ళెవరైనా మీ అమ్మాయా అని అడిగితే, "ఇంట్లో పిల్ల" అంటుంది, ఎవరో అద్దెకి దిగినట్టు. తమ్ముడు సూర్యం మాత్రం 'నా కొడుకు', 'నా తండ్రి'. వాడికి తుమ్ము వస్తే ఇల్లంతా నూనె కాచిన వాసన. అటువంటి మనిషి ఇవాళ నా పేరులో సగం ముక్క పోయిందని పొయ్యి ముందు వణికిపోతోంది.

ఇది తెలుగులో రాసుకోవడమే మంచిదైంది. సూర్యానికి తెలుగు చదవడం రాదు.

ఫిబ్రవరి 1

అమ్మ మాట్లాడలేదు. నేనూ మాట్లాడలేదు. ఫరవాలేదు, నాకు అలవాటే.

ఫిబ్రవరి 3. బుధవారం

నాన్న ట్రంక్ కాల్ చేసి, పార్సెల్ నీళ్ళలో పడిందని మామగారికి అబద్ధం చెప్పాడు. మళ్ళీ వేయించేటప్పుడు పూర్తి పేరు వేయించమని బతిమాలుకున్నాడు. వాళ్ళు ఒప్పుకున్నారు గానీ, ఆ పేరుకి అర్థమేమిటో చెప్పమన్నారట. రేపు చుట్టాలు అడిగితే చెప్పుకోవాలి కదా.

న్యాయమే. నేనూ ఇన్నేళ్ళుగా అదే అడుగుతున్నాను. చిన్నప్పుడు నాన్న, నువ్వు పుట్టిన ఊరి పేరు కలిపి పెట్టామనేవాడు. ఆ లెక్కన సూర్యం కూడా బిలాససూర్యం కావాలి కదా అంటే పేపరు చాటున దాక్కునేవాడు. స్కూల్లో హిందీ టీచరు విలాసం నుంచి వచ్చిందంది. తెలుగులో విలాసమంటే చిరునామా కూడాను. నేను లక్ష్మి చిరునామానన్నమాట. ఆ లక్ష్మి ఎవరో, మా రైల్వే క్వార్టర్‌కి మాత్రం ఎప్పుడూ వచ్చినట్టు లేదు.

ఇవాళ మళ్ళీ అడిగాను. "మీ అత్త వస్తాది, దాన్నడుగు" అని నాన్న సైకిలెక్కి పారిపోయాడు. డ్యూటీకి ఇంకా చాలా టైముంది.

సాయంత్రం ముర్రా దాయి వచ్చింది. బుధవారీ బజారులో మరమరాలు అమ్ముకుని తిరిగి వెళ్తూ మా గుమ్మం ముందు గంప దించడం ఆవిడకి ఎప్పటి నుంచో అలవాటు. ఇక్కడి భాషలో ముర్రా అంటే మరమరాలు, దాయి అంటే అమ్మ; కాలనీ అంతా ముర్రా దాయి అంటాం. ఎప్పటిలాగే తీసుకోవడానికి అమ్మ నన్నే పంపింది. ఎప్పటిలాగే ఆవిడ నా తల మీద చెయ్యి పెట్టి, "కైసే బిసాహిన్" అని పలకరించింది. నన్ను అలాగే పిలుస్తుంది, ఏదో ముద్దుపేరు. అమ్మ తలుపు వెనక నిలబడి చూస్తూ ఉంది.

ఫిబ్రవరి 7. ఆదివారం

ఎలా రాయాలో తెలియడం లేదు. జరిగినట్టే రాస్తాను.

చిన్నతల్లి అత్త పొద్దున్న బండికి దిగింది. నాన్నకి చెల్లెలు. కాఫీ తాగాక అమ్మ స్నానానికి వెళ్ళడం చూసి, పెరట్లో అత్త పక్కన కూర్చున్నాను. పెళ్ళివారు అడుగుతున్నారు, నా పేరుకి అర్థం చెప్పు, ఊరి పేరని మాత్రం అనకు అన్నాను.

అత్త నా వైపు తిరిగింది. "ఊరు కాదే అమ్మీ. మనిషి" అంది.

నాకు ముందు ముగ్గురు పుట్టారట. ముగ్గురూ పురిటిగుడ్డల్లోనే పోయారు. ఆ సంగతే నాకు తెలియదు. ఈ ఇంట్లో ముగ్గురు పుట్టి పోయారని ఇన్నేళ్ళూ ఎవరూ ఒక్క మాట అనలేదు. నాలుగో కాన్పు నేను. మా వైపు అలా బిడ్డలు నిలవకపోతే, పుట్టిన బిడ్డను చేటలో పడుకోబెట్టి పరాయి మనిషికి అమ్మేస్తారు. వెలగా చేటెడు తవుడు పుచ్చుకుంటారు. బిడ్డ ఆ ఇంటిది కాకుండా పోతుంది కాబట్టి, ఆ ఇంటిని వెతుక్కుంటూ వచ్చే చావు దాన్ని పట్టించుకోదు. కాస్త నిలదొక్కుకున్నాక తవుడు తిరిగిచ్చి కొనుక్కుంటారు. షెడ్‌లో తవిటయ్యలూ మన ఊళ్ళో తవిటమ్మలూ అలా వచ్చినవాళ్ళేనే అంది అత్త.

నన్ను కొన్న మనిషి పేరు బిలాస. ముర్రా దాయి.

ఆవిడకి ఒక పేరుంటుందని నాకెప్పుడూ తట్టలేదు. ఉగాదికి కొత్త చీర ఇచ్చి కాళ్ళకి దండం పెట్టి రమ్మని అమ్మ ప్రతి ఏడూ నన్నే ఎందుకు పంపుతుందో ఎప్పుడూ అడగలేదు. ముసలిదాని మీద ఉన్న ప్రేమ నా మీద లేదని మాత్రం బాగా లెక్కపెట్టుకున్నాను.

"మరి నన్ను మళ్ళీ ఎప్పుడు కొనుక్కున్నారు?" అని అడిగాను. ఏదో ఒక పండగ పేరు చెబుతుందనుకున్నాను.

అత్త స్నానాల గది వైపు చూసింది.

"కొన్లేదే" అంది.

ఫిబ్రవరి 8

తవుడుకి. చేటెడు తవుడుకి.

ఫిబ్రవరి 10. బుధవారం

రెండు రోజులుగా అమ్మని చూస్తున్నాను. కొత్తగా వచ్చిన మనిషిని చూసినట్టు చూస్తున్నాను. ఇవాళ సూర్యానికి అన్నంలో నెయ్యి వేస్తూ, "నా తండ్రి, ఇంకో ముద్ద" అంది. నన్ను అమ్మేసి వాణ్ణి ఉంచుకుంది. అంతే కదా సంగతి. నేను అటు ఉంటేనే వీడు ఇటు నిలుస్తాడని కొనుక్కోకుండా వదిలేసింది. ఇందులో నాకు బాధేమీ లేదు. అర్థమైంది కాబట్టి ఇంకా సుఖం.

మధ్యాహ్నం అత్త అమ్మతో గొడవపడింది. ముహూర్తం మార్చి మొదటి వారంలో. ఈలోగా పిల్లని కొనుక్కోవాలి, లేకపోతే ఏ మొహంతో పీట మీద కూర్చుని కన్యాదానం చేస్తావంది అత్త.

"నాను కూకోను. బిలాస కూకుంటాది" అంది అమ్మ.

కన్నవాళ్ళు బతికుండగా మరమరాలు అమ్మే మనిషి ధారపోస్తే సన్యాసిరావు ఊరుకుంటాడా, పెళ్ళి పీటల మీదే ఆగిపోతుందని అత్త అరిచింది. ఆగితే ఆగనీ అంది అమ్మ. కూర తరుగుతూనే అంది.

నేను గుమ్మంలో నిలబడి ఉన్నాను. నేనక్కడ ఉన్నానని తెలిసే అంది.

నన్ను చేసుకోబోయే రాజేంద్రకి చెప్పాలా? కోర్బాలో ఇంజనీరు, ఇవన్నీ నవ్విపారేస్తాడు. అతను నవ్వితే నేను తట్టుకోలేను. చెప్పను.

ఫిబ్రవరి 14. ఆదివారం

దాయి ఉండే మంగ్లాకి వెళ్ళాను. బట్టలు కుట్టించుకోవాలని ఇంట్లో చెప్పి రిక్షా ఎక్కాను. దారి పొడవునా ఏం తిట్టాలో కూడబెట్టుకున్నాను. ఎవర్ని తిట్టాలో మాత్రం తేలలేదు.

దాయి ఇంటి ముందు ఇసక వేయించి మరమరాలు వేపుతోంది. నన్ను చూసి లేవలేదు, ఆశ్చర్యపోలేదు. పీట తోసింది. ఆవిడ మాట సగం ఛత్తీస్‌గఢీ, సగం మా కాలనీలో నేర్చిన తెలుగు. నాకు అర్థమైనట్టు రాసుకుంటున్నాను.

బిసాహిన్ అంటే ముద్దుపేరు కాదట. వాళ్ళ భాషలో కొనుక్కున్న పిల్ల. వాళ్ళలోనూ ఈ ఆచారం ఉందట, అందుకే అమ్మ చేట పట్టుకుని వచ్చినప్పుడు ఏమిటని కూడా అడగలేదట.

నన్నెందుకు తిరిగి కొనలేదని అడిగాను. కొనడానికి మీ అమ్మ రెండుసార్లు వచ్చింది నోనీ అంది, అమ్మాయీ అని వాళ్ళ పిలుపు. చెవులు కుట్టిన ఏడు తవుడు, చీర పట్టుకుని అమ్మ గుమ్మం దాకా వచ్చింది. ఆ పూటే నాకు కాగిపోయే జ్వరం. తవుడు వెనక్కి పట్టుకుపోయింది. మళ్ళీ బడిలో వేసే ముందు వచ్చింది. మళ్ళీ జ్వరం, ఈసారి ఫిట్స్ కూడా. అమ్మ నన్ను తెచ్చి దాయి ఒళ్ళో పడేసి, నీదే, నీదే, నాకొద్దు అని మొత్తుకుందట. జ్వరం తగ్గేదాకా నేను లోపల దాయి దగ్గర ఉంటే, అమ్మ ఈ గుమ్మానికి అవతల మట్టిలో కూర్చుందట. లోపలికి రమ్మంటే రాలేదు. తాకితే తనదైపోతానని.

"ఇక్కడే" అని దాయి వేలితో చోటు చూపించింది. అక్కడ ఇప్పుడు కోళ్ళ గూడు ఉంది.

పేరు సంగతి అడగడానికి వచ్చానని చాలాసేపటికి గుర్తొచ్చింది. బిలాస నీ పేరు కదా, నీ పేరు నాకు నువ్వే పెట్టావా అన్నాను.

కాదట. ఆ సగం అమ్మ పెట్టింది. తన వైపుది ఒక్క అక్షరం కూడా లేకుండా, ఉత్త 'బిలాస' అని పెట్టాలని పట్టుబట్టిందట. ఈ బిడ్డ ఎవరిదని చావు వచ్చి అడిగితే పేరులోనే జవాబు ఉండాలట.

"మరి లక్ష్మి?"

దాయి మూకుడు దించింది.

"అది నేను పెట్టాను. మీ అమ్మ పేరు లక్ష్మీనరసమ్మ కదా" అంది.

నా పేరు నేను ఎన్ని వేలసార్లు రాసుకుని ఉంటాను. అమ్మ పేరు రేషన్ కార్డులో నెలనెలా చూస్తూనే ఉంటాను. లక్ష్మి అంటే దేవుడి గదిలో పటమే అనుకున్నాను. ఎప్పుడూ, ఒక్కసారి కూడా, ఆ రెండు పేర్లూ పక్కపక్కన పెట్టి చూడలేదు.

బారసాల నాడు చెవిలో పేరు చెప్పేది కొన్న తల్లి. దాయి నా చెవిలో బిలాసలక్ష్మి అని చెప్పి, పైకి కూడా అందరూ వినేలా చెప్పిందట. అమ్మ ఏడ్చి గోల చేసిందట, నా పేరు దాని నెత్తిన పెట్టకు, చావు వెతుక్కుంటూ వచ్చేస్తుందని. దాయి వినలేదు. కొన్నది నేను, నా ఇష్టం అంది. "తల్లి ఎవరో పిల్లకి తెలియాలి కదా. ఎప్పటికైనా" అంది నాతో.

ఆ రోజు నుంచి అమ్మ ఆ పేరుతో నన్ను పిలవలేదు.

తిరిగి కొనడానికి వస్తే ఇస్తావా అని అడిగాను. ఇస్తాను గానీ అడగాల్సింది నువ్వు కాదు, ఆవిడ రావాలంది. మరమరాలు పొట్లం కట్టి ఇచ్చింది. రిక్షాలో పొట్లం విప్పకుండా ఒళ్ళో పెట్టుకున్నాను.

ఫిబ్రవరి 15

ఎవరు పీట మీద కూర్చున్నా పెళ్ళి పెళ్ళే. నాకేం పట్టింపు లేదు.

ఫిబ్రవరి 16

నాకేం పట్టింపు లేదు.

ఫిబ్రవరి 18. గురువారం

ఉంది. పట్టింపు ఉంది. ఇంక ఎవరి దగ్గర దాచుకోవడం?

అమ్మ వంటింట్లో ఒక్కతే ఉంది. వెళ్ళి ఎదురుగా కూర్చున్నాను. మంగ్లా వెళ్ళాననీ, దాయి చూపించిన చోటు చూశాననీ చెప్పాను. అమ్మ చేతిలో గరిటె ఆగింది.

నేను మెల్లగా మాట్లాడాలనుకున్నాను. రాలేదు. శుభలేఖలో లక్ష్మి అన్న ముక్క ఒక్కటే ఉంటే అది నీ పేరు ఒక్కటే మిగిలినట్టు కదా, అందుకేగా కాల్చేశావు అన్నాను. చావు మన పెళ్ళి పిలుపులు చదువుతుందా అన్నాను. ఏదో ఒకటి అనాలని అన్నాను. చివరికి, నా కూతురు అని ఒక్కసారి అను, ఆ తర్వాత నాకేమైనా సరే అన్నాను.

అమ్మ నా వైపు చూడకుండా చెప్పింది. "నువ్వు బతికుండాల. నీకు నాను అమ్మనైతే ఏటి, కాకపోతే ఏటి. నువ్వుండాల."

పోపు మాడిపోయింది. ఇద్దరం దాన్నే చూస్తూ కూర్చున్నాం. నా మీద ప్రేమ లేదని తిట్టుకున్న ఏళ్ళన్నీ ఎక్కడ పారబోసుకోవాలి ఇప్పుడు? ఎవరైనా నా చెంప మీద కొట్టినా ఇంత దిమ్మ తిరిగేది కాదు.

ఫిబ్రవరి 22. సోమవారం

పొద్దున్న అమ్మ అత్తతో అంది, "బుధారం బిలాస వస్తాది." ఎందుకని అత్త అడగలేదు. అడిగితే మాట మార్చేస్తుందని భయం.

నన్ను తిరిగి కొనుక్కుంటానని అమ్మే మంగ్లా వెళ్ళి అడిగి వచ్చిందట, ఎప్పుడు వెళ్ళిందో మాకెవరికీ తెలియదు. నాన్న తవుడు కోసం సైకిల్ మీద తిఫ్రా మిల్లుకి వెళ్ళి బస్తా తెచ్చాడు. చేటెడు చాలు కదా అని అత్త నవ్వితే, "ఉండనీ" అన్నాడు. ముఖం తిప్పుకుని కళ్ళు తుడుచుకున్నాడు. తవుడు కళ్ళలో పడిందట.

ఫిబ్రవరి 23. మంగళవారం

ఒళ్ళు నొప్పులు. కళ్ళు మండుతున్నాయి.

కాదు. జలుబు అంతే.

సాయంత్రం థర్మామీటరు దొంగతనంగా పెట్టుకున్నాను. జలుబు కాదు. అమ్మకి తెలిస్తే రేపు ఉండదు, ఎప్పటికీ ఉండదు. మాత్ర వేసుకున్నాను. చేతులు వేడిగా ఉన్నాయని సూర్యం అంటే, నోరు మూసుకోమని కసిరాను.

ఫిబ్రవరి 24. బుధవారం

పడుకుని రాస్తున్నాను. అక్షరాలు వంకరగా వస్తున్నాయి, రానీ.

దాయి తలంటుకుని, నేనిచ్చిన ఉగాది చీరల్లో ఒకటి కట్టుకుని వచ్చింది. అప్పటి చేటే తెచ్చింది. అంచులు ఊడితే పేడ అలికి దాచిందట. పెరట్లో పీట మీద నన్ను కూర్చోబెట్టి తను నా వెనక నిలబడింది. అమ్మ ఎదురుగా తవుడు చేట పట్టుకుని నిలబడింది. పసుపు బట్టలో ఆవిడ ఎంత చిన్న మనిషిగా కనిపించిందో. చేట వణికి తవుడు కొంచెం కొంచెం రాలుతోంది.

నేను పళ్ళు బిగించుకుని కూర్చున్నాను. పొద్దున్న రెండో మాత్ర కూడా వేసుకున్నాను, అయినా వెన్నులో చలి. ఇంకొక్క నిమిషం, ఇంకొక్క నిమిషం అనుకుంటున్నాను.

నా పిల్లని నాకు అమ్ము అని అమ్మ అడగాలి. అడిగింది. దాయి సరేనంది. అప్పుడు అమ్మ నా చెయ్యి పట్టుకుని లేపాలి.

పట్టుకుంది. పట్టుకుని ఆగిపోయింది.

చెయ్యి వదిలి నుదురు ముట్టుకుంది. మెడ ముట్టుకుంది. నేను కళ్ళు మూసుకున్నాను. అంతా అయిపోయిందనుకున్నాను. అత్త కూడా వచ్చి ముట్టుకుని, వొద్దు వదినా, ఇంకోనాడు చూద్దాం అంది. నాన్న గోడకి జారగిలబడి కూర్చుండిపోయాడు. దాయి మాత్రం కదలలేదు.

అమ్మ ఊపిరి నా ముఖానికి తగులుతోంది.

"జొరవే" అంది అమ్మ. ఎవరితో అందో తెలియదు, మా ఎవరితోనూ కాదు. "జొరం అందరి పిల్లలకీ వస్తాది. నా పిల్లకీ వచ్చింది."

తవుడు అంతా దాయి చేటలో గుమ్మరించింది. నన్ను రెండు చేతులతో లేపి తన మీదికి లాక్కుంది. ఆవిడ పళ్ళు టకటక కొట్టుకుంటున్నాయి. జ్వరం నాకా, ఆవిడకా అన్నట్టు ఉంది. చీర మీద తవుడు, పసుపు, చెమట వాసన. అమ్మ వాసన ఇలా ఉంటుందని నాకు ఇప్పటిదాకా తెలియదు.

దాయి తవుడు మూట కట్టుకుంది. వెళ్తూ వెళ్తూ, పిల్లని ఇచ్చాను గానీ పేరు ఇవ్వను, శుభలేఖలో నాది ముందు ఉండాలి అంది. నవ్వుతూనే అంది. గుమ్మం దాటాక గంప తల మీద పెట్టుకోవడం మరిచిపోయి చంకలో పట్టుకుని నడిచింది. అమ్మ ఆవిడ వెనకే వీధి చివరి దాకా వెళ్ళింది. ఇద్దరూ అక్కడ ఏం మాట్లాడుకున్నారో నాకు తెలియదు.

ఫిబ్రవరి 25. గురువారం

జ్వరం తగ్గలేదు. డాక్టరు వచ్చి ఫ్లూ అన్నాడు, కాలనీలో సగంమందికి ఉందట. అమ్మ ఆయన్ని మూడుసార్లు అడిగింది. సూర్యానికి పెట్టే నూనె వాసన ఇప్పుడు నా గదిలో.

అమ్మ భయం పోలేదు. నిన్నటి నుంచి నా పాదాలు ముట్టుకుని చూస్తూనే ఉంది. నాకు నిద్ర పట్టిందనుకుని ముక్కు దగ్గర వేలు పెట్టి చూస్తుంది. అయినా దాయి దగ్గరికి తీసుకెళ్ళమని అనలేదు. నేను కళ్ళు మూసుకుని, ఆ మాట ఎప్పుడంటుందా అని వింటూ ఉన్నాను. అనలేదు.

ఇందాక గంజి కాచడానికి వంటింట్లోకి వెళ్ళింది. గంజిలో ఉప్పు వేయాలా వద్దా అని అక్కడి నుంచే అడగబోయింది. పిల్లా అనబోయి ఆగినట్టుంది. గిన్నె చప్పుడు కూడా ఆగింది. నేను దుప్పటి తీసి చెవి అటు పెట్టాను.

"లక్ష్మీ" అంది.

నాకు వినబడింది. వెంటనే పలకలేదు. ఇంకోసారి పిలుస్తుందని.